ఫెబి పంపిన ఫైలు

మొన్న గురువారం పొద్దున పదీ నలభైకి ఫోను మోగింది. తెలీని నంబరు. తెలీని నంబరంటే నాకు భలే సరదా. కరెంటు కంపెనీ వాళ్ళయితే మా ఇంట్లో కరెంటే లేదని, లాంతర్లతో నెట్టుకొస్తున్నామని చెప్పి పావుగంట కూర్చోబెడతా. ఆ రోజు నాకు సెలవు. నర్సింగ్ హోమ్ వంటగదిలో నా పని. మా ఆవిడ ఎస్తేరమ్మ పనిచేసేదీ అక్కడే, నైట్ డ్యూటీ చేసొచ్చి పైన పడుకుంది. ఇల్లంతా నిశ్శబ్దం. ఆడుకోడానికి ఎవడో ఒకడు దొరికాడని ఎత్తాను.

"పెద్నాన్నా, ఇట్స్ మీ. ఫెబి."

ఫెబి మా తమ్ముడి కూతురు. తమ్ముడు వాళ్ళుండేదీ ఐర్లాండ్‌లోనే, డండాక్‌లో. పిల్ల అత్లోన్‌లో చదువుతోంది. కంప్యూటర్ గేమ్‌లు తయారు చేసే చదువంట, అదీ ఒక చదువే ఇప్పుడు. ఇక్కడే పుట్టింది. మనం తెలుగులో తిడితే ఐరిష్ ఇంగ్లీషులో జవాబిస్తుంది.

"ఇది నీ నంబరు కాదే?" అన్నాను.

"నా ఫోన్ స్క్రీన్ నిన్న పోయింది. ఇది క్లాస్‌మేట్ ఫోన్. లిసన్, పెద్నాన్నా, నాకు టైమ్ లేదు. లెవెన్‌కి ఎగ్జామ్. రెండింటిదాకా ఫోన్ ఉండదు. నీకొక ఫైల్ పంపించా. అది మెషిన్‌లో పెట్టాలి. నువ్వే పెట్టాలి."

అప్పుడే నా చెవులు నిక్కబొడుచుకున్నాయి.

ఎందుకంటే, మేముండే లూకన్‌లోని తెలుగు క్రైస్తవ ఫెలోషిప్‌లో పోయిన నెల ఒకటి జరిగింది. లీలారాణి గారికి "అమ్మా, ఫోన్ పోయింది, ఇది కొత్త నంబర్" అని మెసేజ్ వస్తే ఆవిడ కొడుకే అనుకుని బ్యాంకు కోడ్ చెప్పేసింది. ఆ ఆదివారం ఆరాధన అయ్యాక మా సెక్రటరీ స్తెఫను మైకు పట్టుకున్నాడు. ఐటీలో పని, మా వీధిలోనే ఉంటాడు, నాకంటే ఇరవయ్యేళ్ళు చిన్న, నలభయ్యేళ్ళు పెద్దమనిషి. ఫోన్ పోయిందంటారు, కొత్త నంబరంటారు, తొందర పెడతారు, తిరిగి చెయ్యొద్దంటారు, ఈ మధ్య మనోళ్ళ గొంతు కూడా కాపీ కొట్టి మాట్లాడుతున్నారు అని చెప్పి ఒక పద్ధతి పెట్టాడు. ఎవరైనా సరే కొత్త నంబర్ నుంచి ఏదన్నా అడిగితే ఇంటి ప్రశ్న అడగాలి. మన ఇంట్లోవాళ్ళకి తప్ప బయటోళ్ళకి తెలీనిది. జవాబు తప్పితే కట్ చెయ్యాలి, బ్లాక్ చెయ్యాలి, గ్రూపులో అందరికీ చెప్పాలి. అందరూ చేతులెత్తారు. నేను రెండూ ఎత్తాను.

ఇప్పుడు చూడండి. ఫోన్ పోయింది. కొత్త నంబరు. తొందర. తిరిగి చేస్తే దొరకదు. పైగా ఫైలు.

"ఏ మెషినమ్మా?" అన్నాను, ఏం తెలీనట్టు.

"ఓ ఫర్ గాడ్స్ సేక్. సండే నీ దగ్గర పెట్టాను కదా. నా పాత గేమ్ మెషిన్. కాంపిటిషన్‌ది."

అది నిజమే. పాత చేతి గేమ్ మెషిన్లు, పదిహేను ఇరవయ్యేళ్ళ నాటివి, వాటి మీద ఆడేట్టు సొంతంగా కొత్త గేమ్ తయారు చేయాలని పోటీ. మెషిన్‌తో సహా మా లూకన్ లైబ్రరీలో ఇవ్వాలి. గడువు ఆ గురువారం ఒంటిగంట. గెలిచినవాళ్ళకి డబ్లిన్‌లో ఒక గేమ్‌ల ఆఫీసులో ఆరు నెలలు పని నేర్పిస్తారు. మా పిల్ల ఏడాదిగా దాని మీదే ఉంది. లైబ్రరీ మా ఇంటికి పది నిమిషాలు గనక మెషిన్ని ముందు ఆదివారం నా దగ్గర పెట్టి, గురువారం తీసుకెళ్ళి ఇచ్చెయ్ పెద్నాన్నా, వేరే ఏమీ ముట్టుకోకు అంది. ముట్టుకోకు అన్న పిల్ల ఇప్పుడు ముట్టుకోమంటోంది. అదీ నా అనుమానం.

"దాంట్లో ఆల్రెడీ గేమ్ ఉంది కదా. ఉన్నదే ఇచ్చేస్తా."

"దట్ వన్ ఈజ్ బ్రోకెన్. మూడో డోర్ దగ్గర ఫ్రీజ్ అయిపోతోంది. రాత్రి కనిపెట్టాను. జడ్జ్ ఆడితే అక్కడే ఆగిపోతుంది, ఐ'మ్ అవుట్. కొత్తది నీ ఫోన్‌కి పంపాను. మెషిన్ పౌచ్‌లో కేబుల్ ఉంది, చిన్న అడాప్టర్ ఉంది. ఫోన్‌కి పెట్టు. ఫైల్ అన్‌జిప్ చెయ్. వచ్చిన ఫోల్డర్ మొత్తం తీసి మెషిన్‌లో గేమ్ అనే ఫోల్డర్‌లో పెట్టు. పాతది డిలీట్ చెయ్. అంతే. ప్లీజ్."

చాలా వివరంగా చెబుతోంది. మా ఫెబి నాతో ఇంత ఓపిగ్గా ఎప్పుడు మాట్లాడింది?

"వీడియోలోకి రా" అన్నాను.

వచ్చింది. సగం నుదురు, ఒక కన్ను, మిగతాదంతా చుక్కలు చుక్కలు. బొమ్మ అక్కడే ఆగిపోయింది, మాట మాత్రం వస్తోంది. కాలేజీ వైఫై అంట. ఆహా, అనుకున్నాను.

"సరే. ఇంటి ప్రశ్న. నా ముందు పన్ను ఎలా విరిగింది?"

"ఆర్ యూ సీరియస్? ఇప్పుడా?"

"జవాబు చెప్పు."

"మేక. తెనాలిలో మేక ఆకు లాక్కుంటుంటే పొడిచింది."

దొరికాడు దొంగ. నా పన్ను విరిగింది రేపల్లె రోడ్డు మీద సైకిల్ మీంచి పడి. హ్యాండిల్ వచ్చి మూతికి తగిలింది. తొమ్మిదో క్లాసు. ఆ ఏడే చదువూ విరిగింది. ఇందులో మేక ఎక్కడుంది?

"నాయనా, ఎవడివో గానీ మేకపోతు గొంతుతో బాగానే మాట్లాడావు" అన్నాను. "మా పిల్ల గొంతు ఎక్కడ దొరికింది నీకు?"

"పెద్నాన్నా, ఐ'మ్ బెగ్గింగ్ యూ. ప్లీజ్. నువ్వొక్కసారి జోక్ చెయ్యకుండా..."

కట్ చేశాను. బ్లాక్ చేశాను. ఆ ఫైలుని, ముట్టుకోకుండానే, ఫెలోషిప్ గ్రూపులోకి తోశాను. కింద రాశాను: "జాగ్రత్త. ఇలాంటి ఫైల్ వస్తే ఎవరూ తెరవొద్దు. మా పిల్ల గొంతుతో మాట్లాడాడు. ఇంటి ప్రశ్న అడిగి పట్టుకున్నా. – కృపారావు." తర్వాత నా ఫోన్లో ఆ నంబరు తాలూకు మెసేజ్‌లూ ఫైలూ అన్నీ చెరిపేశాను. టైము పదకొండుకి ఐదు నిమిషాలు తక్కువ.

గ్రూపులో దండాలే దండాలు. స్తెఫను రాశాడు: "గుడ్ జాబ్ అంకుల్. గ్రూపులోంచి అందరికీ డిలీట్ చేస్తున్నాను. ఒక కాపీ మాత్రం నేను చెక్ చేయడానికి పక్కన పెట్టాను." నేను టీ పెట్టుకుని, రెండు బిస్కెట్లు ముంచుకుని, నా తెలివికి నేనే మురిసిపోతూ కూర్చున్నాను. ఉన్న గేమ్‌తోనే మెషిన్ని పన్నెండింటికి లైబ్రరీలో ఇచ్చేద్దామని పౌచ్ తలుపు దగ్గర పెట్టుకున్నాను కూడా.

పదకొండూ నలభైకి ఎస్తేరమ్మ దిగొచ్చింది. కళ్ళు నలుపుకుంటూ కెటిల్ ఆన్ చేసింది. నేను జరిగిందంతా చెప్పాను, కొంచెం పెంచే చెప్పాను. ఆవిడ వింటూ వింటూ కప్పు పెట్టేసింది.

"ఫెబి ఫోను నిన్న నిజంగానే పగిలిందండీ."

"నీకెవరు చెప్పారు?"

"మేరీ చెప్పింది. సాయంత్రం డ్యూటీకి వెళ్తుంటే ఫోన్ చేసింది. కొత్త నంబర్ నుంచి చేస్తుంది, బావగారికి చెప్పక్కా అంది. బస్సొచ్చేసింది, మర్చిపోయాను."

మేరీ మా తమ్ముడి భార్య, పిల్ల తల్లి. నా టీ చల్లారిపోయినట్టనిపించింది, అది అప్పటికే చల్లగా ఉంది గానీ.

"మరి పన్ను? మేక అంది."

ఎస్తేరమ్మ నా మొహం వంక చూసింది.

"మేక అని ఆ పిల్లకి చెప్పింది ఎవరండీ?"

"ఎవరు?"

"మీరే. దాని ఆరో పుట్టినరోజుకి. మేకలాగ అరిచి కూడా చూపించారు. మనబ్బాయి ప్రెయిస్‌కి కొబ్బరికాయ అన్నారు. నాకు పెళ్ళిచూపుల్లో ఫుట్‌బాల్ అన్నారు. ఇరవై ఆరేళ్ళయింది, నాకిప్పటిదాకా నిజం తెలీదు."

నిజం తెలిసినవాడు ఈ ఐర్లాండ్‌లో నేనొక్కణ్ణే. ఆ ప్రశ్నకి ఎవడూ పాసవలేడు. అడిగే ముందు ఆ ముక్క నాకు తట్టలేదు.

నంబరు అన్‌బ్లాక్ చేసి ఫోన్ చేశాను. స్విచాఫ్. పరీక్షలో ఉంటుంది. చెరిపేసిన ఫైలు కోసం ఫోనంతా తిరగేశాను. గుడ్ మార్నింగ్ పువ్వులు, వాగ్దాన వాక్యాలు, ఎవరివో బాప్తిస్మం ఫోటోలు నాలుగొందలు ఉన్నాయి, ఆ ఒక్కటీ లేదు. స్తెఫనుకి కొట్టాను: "ఆ ఫైల్ అర్జెంటుగా నాకు తిరిగి పంపు. మా పిల్లదే. కాల్ చెయ్."

రెండు నిమిషాల్లో గ్రూపులో వచ్చింది: "అందరికీ గమనిక. కృపారావు అంకుల్ నంబర్ కూడా హ్యాక్ అయినట్టుంది. ఫైల్ అర్జెంటుగా కావాలని మెసేజ్ వస్తోంది. ఎవరూ జవాబివ్వకండి." ఆ కిందే, కృపారావు గారిని గ్రూపు నుంచి తీసేశారు అని.

"కారు తాళాలేవి?" అన్నాను.

"నాలుగిళ్ళ అవతల ఇంటికి కారెందుకు. నడవండి" అంది ఎస్తేరమ్మ, పౌచ్ నా చేతిలో పెడుతూ.

వాన సన్నగా పడుతోంది. స్తెఫను వాళ్ళింటి బెల్లుకి కెమెరా ఉంటుంది. నొక్కాను. కాసేపటికి బెల్లులోంచే మాట వచ్చింది.

"ఎవరు?"

"నేనేరా నాయనా. కృపారావుని. కనిపిస్తున్నాను కదా."

"కనిపిస్తున్నారంకుల్. మీరే. అదే నా భయం."

దానికో కారణం ఉందిలెండి. మొన్న ఏప్రిల్లో ఇంటి ఓనర్ ఇన్‌స్పెక్షన్‌కి వస్తున్నాడని నేనే ఒక ఉత్తరం టైపు చేయించి వాళ్ళ తలుపులో పడేశాను. పాపం శని ఆదివారాలు ఓవెన్ తోముకున్నాడు. ఓవెన్ లోపల బల్బు కూడా మార్చాడు.

"స్తెఫనూ, ఇది జోకు కాదు. మా ఫెబి గేమ్ అది. ఒంటిగంటకి లైబ్రరీలో ఇవ్వాలి. నేనే తప్పుగా దొంగోడనుకున్నాను. ఆ కాపీ ఇవ్వు."

"పొద్దున మీరే ప్రమాదం అన్నారు. ఇప్పుడు మీరే కావాలంటున్నారు. నేను ఆఫీస్ లాప్‌టాప్ పక్కన పెట్టుకుని కూర్చున్నాను అంకుల్. ఇది ఓవెన్ కాదు, ఉద్యోగం."

"అయితే లోపలికి రానివ్వు, మాట్లాడుకుందాం."

"పద్ధతి పద్ధతే. ఇంటి ప్రశ్న."

"నువ్వు నా మొహం చూస్తూ నన్ను ప్రశ్నలడుగుతావా?"

"పెట్టింది నేనే కదా, నేనే తప్పితే ఎలా? చెప్పండి. మీ ముందు పన్ను ఎలా విరిగింది?"

ఇన్ని ప్రశ్నలుండగా వీడికి కూడా ఆ ప్రశ్నే దొరికింది.

"సైకిల్ మీంచి పడ్డాను. రేపల్లె రోడ్డు మీద. దేవుడి తోడు."

"తప్పు."

"అదేరా నిజం."

"నాకలా చెప్పలేదు మీరు."

నిజం చెబితే చెల్లలేదు. ఇప్పుడు వీడికి ఏ అబద్ధం చెప్పానో గుర్తు తెచ్చుకోవాలి. వానలో నిలబడి కళ్ళు మూసుకుని వెతుక్కున్నాను. స్తెఫను ఈ వీధికొచ్చింది నాలుగేళ్ళ కిందట. మొదటిసారి మాట్లాడింది ఫెలోషిప్ పిక్నిక్‌లో. అప్పుడేం చెప్పుంటాను?

"కొబ్బరికాయ" అన్నాను.

"కాదు."

"పాము పట్టబోతే..."

"పాములు లేవని కదా ఈ దేశం వచ్చానన్నారు."

బెల్లు లోపల వాడు నవ్వుతున్నాడా, కోపంగా ఉన్నాడా తెలీలేదు. నేను మాత్రం నవ్వట్లేదు. ఫోన్ చూశాను. పన్నెండూ పది. పిల్ల పరీక్ష హాల్లో కూర్చుని ఉంటుంది. పెద్నాన్న చేశాడా లేదా అని ఒక చెవి ఇటే పెట్టుకుని రాస్తుంటుంది. ప్లీజ్ అంది. ఆ పిల్ల నన్ను ప్లీజ్ అనడం అదే మొదలు.

పిక్నిక్‌లో పిల్లలు కర్రలతో ఆడుతున్నారు. హర్లింగ్ కర్రలు, కర్రతో బంతిని కొట్టే ఇక్కడి ఆటవి. ఆ, అదీ.

"డండాక్‌లో" అన్నాను మెల్లగా. "మా తమ్ముడి ఇంటి వెనక గ్రౌండ్‌లో హర్లింగ్ ఆడుతుంటే కర్ర తగిలింది. నన్ను కౌంటీ టీమ్‌కి రమ్మన్నారు కూడా అని చెప్పాను."

తలుపు తీశాడు.

"నిజమని నమ్మాను అంకుల్ నేను" అన్నాడు. "ఆఫీసులో కూడా చెప్పాను."

వాళ్ళ వంటింటి బల్ల మీద సామాను పరిచాం. ఒకపక్క ఫోన్లో పెట్టే చిన్న అడాప్టర్, ఇంకోపక్క మెషిన్లో దూరే పాతకాలం మందపు కేబుల్. స్తెఫను ముందు ఫైలుని ఏదో పరీక్ష చేశాడు, రెండుసార్లు. తర్వాత నా ఫోన్‌కే పంపాడు, తన లాప్‌టాప్‌కి ఈ మెషిన్ తగలనివ్వనన్నాడు. కేబుల్ పెట్టాం. ఫోన్ ఏమీ ఎరగనట్టు ఊరుకుంది.

"మెషినే పోయింది" అన్నాడు.

"పోలేదు. ఆదివారం నేనే ఆడాను."

"ముట్టుకోవద్దందన్నారు కదా మీ పిల్ల?"

"అందుకే ఆడాను."

మెషిన్ సెట్టింగుల్లో వెతికితే కేబుల్ గుర్తుతో ఒక వరుస ఉంది. అది నొక్కితేగానీ అవతలోళ్ళకి తలుపు తియ్యదంట. స్తెఫను లాంటిదే అదీ. నొక్కాను. ఫోన్లో మెషిన్ పేరు వచ్చింది. లోపల గేమ్ అనే ఫోల్డర్ కనబడింది, దాంట్లో పిల్ల పాత గేమ్. అన్‌జిప్ చేశాం, ఫోల్డర్ తీసి అందులో పెట్టాం. గీత మెల్లగా నిండుతోంది. పన్నెండూ ఇరవై ఏడు.

పాతదాన్ని చెరపబోతే స్తెఫను నా చెయ్యి పట్టుకున్నాడు. "ముందు కొత్తది నడిచిందాకా ఆగండి. పొద్దున్నుంచీ మీరు డిలీట్ చేసింది చాలు."

కేబుల్ తీసి మెషిన్లో చూశాం. పాత గేమ్ బొమ్మ ఉంది. దాని పక్కన కొత్తది రావాల్సిన చోట బొమ్మ లేదు, బూడిద రంగు డబ్బా, కింద డేటా పాడైంది అని.

స్తెఫను కుర్చీ వెనక్కి జరిపాడు. "చెప్పానా? నిజంగానే ఏదో ఉంది దాంట్లో. మీరు మీ పిల్ల అంటున్నారు, ఆ పిల్లేనని ఎవరు చూశారు? సగం నుదురు చూశారు మీరు."

ఒక్క నిమిషం నాకూ మళ్ళీ ఆ అనుమానం లోపలికొచ్చింది. మేరీ చెప్పింది ఫోన్ పగిలిందనే కదా. ఈ ఫోన్ చేసింది పిల్లేనని ఎవరన్నారు? పగిలిన సంగతి వాడికీ తెలిసుంటే? ఇలా మొదలైతే ఎక్కడా ఆగదు, నాకు తెలుసు. జనం నా మాట వింటున్నప్పుడల్లా వాళ్ళ లోపల ఇదే జరుగుతుందేమో అని అప్పుడు తట్టింది. బాగోలేదు ఆ తట్టడం.

"మళ్ళీ తగిలించు" అన్నాను. "లోపల ఏం పెట్టామో చూద్దాం."

తగిలించాం. గేమ్ ఫోల్డర్ తెరిచాను. లోపల పిల్ల పెట్టిన పేరుతో ఫోల్డర్. అది తెరిచాను. లోపల మళ్ళీ అదే పేరుతో ఇంకో ఫోల్డర్. అది తెరిస్తే అప్పుడున్నాయి అసలు ఫైళ్ళు.

"డబ్బాలో డబ్బా ఉందిరా" అన్నాను. "నేను వంటగదిలో రోజూ చూస్తా ఇది. కొత్త పిల్లలు చిన్న గిన్నెని పెద్ద గిన్నెలో మూతతో సహా పెట్టేస్తారు. తెరిచినోడికి కూర కనపడదు, మూత కనపడుద్ది. అన్‌జిప్ చేసినప్పుడు ఫోను ఒక డబ్బా ఎక్కువ కట్టింది. లోపలిది బయటికి తియ్యి."

పదేళ్ళ ఐటీ స్తెఫనుది. లోపలి ఫోల్డర్ని బయటికి లాగాడు, ఖాళీ డబ్బా చెరిపాడు. కేబుల్ తీశాం.

ఈసారి బొమ్మ వచ్చింది. ఒక పొడుగాటి వరండా, చక్రాల బండి మీద టీ కప్పులు, తోసేది నీలం యూనిఫారంలో బొద్దుగా ఒక ఆడమనిషి. నడక చూడగానే తెలిసింది, మా ఎస్తేరమ్మ. నైట్ డ్యూటీ కబుర్లన్నీ పిల్ల వింటూ కూర్చునేది, ఫోన్ చూసుకుంటోంది అనుకునేవాళ్ళం. ఒక్కో తలుపు దగ్గర ఒక ముసలాయనో ముసలామో టీ కోసం చూస్తుంటారు, కప్పు ఒలకకుండా అందరికీ ఇవ్వాలి. రెండు తలుపులు దాటించాను. మూడో తలుపు దగ్గరికొచ్చాను. ఆగిపోలేదు. బండి మూల తిరిగి, కప్పులన్నీ నేల మీద పడ్డాయి.

"నడిచింది" అన్నాడు స్తెఫను.

"ఒలికింది" అన్నాను.

"మీవల్ల. గేమ్ నడిచింది."

పాతది అతనే చెరిపాడు. కారు కూడా అతనే తీశాడు. లైబ్రరీలో బల్ల వెనక ఒక పెద్దావిడ కాగితాలు సర్దుకుంటోంది. పన్నెండూ యాభై ఐదు. మెషిన్ ఆన్ చేసి చూపించాను. "నువ్వేనా తయారు చేసింది?" అని అడిగింది ఇంగ్లీషులో. ఇంకో రోజయితే అవునని చెప్పి, ఎలా తయారు చేశానో కూడా చెప్పేవాణ్ణి. కాదమ్మా, మా తమ్ముడి కూతురు, పేరు ఇదీ అని చెప్పి సంతకం పెట్టించుకుని బయటపడ్డాను.

రెండూ పదికి ఫోను. అదే నంబరు.

"పెద్నాన్నా, చేశావా?"

"చేశానమ్మా. ఇచ్చేశాను. కాకపోతే ముందు నిన్ను దొంగోడనుకుని బ్లాక్ చేసి, ఫైలు చెరిపేశాను. తర్వాత స్తెఫను దగ్గర కాపీ ఉంటే..."

"స్టాప్ ఇట్" అంది నవ్వుతూ. "ఐ'మ్ టూ టయర్డ్ ఫర్ దిస్. ఇచ్చావు కదా, గ్రాండ్."

"లేదమ్మా, నిజంగానే."

"యా, యా. తర్వాత మేక వచ్చి ఫైల్ తినేసింది."

ఊరుకుంటే అయిపోయేది. నవ్వుతోంది, హాయిగా ఉంది. నేనూ నవ్వేస్తే ఆ సంగతి అక్కడితో సరి. ఎదురుగా ఎస్తేరమ్మ కూర చేస్తూ నన్నే చూస్తోంది. ఫోన్ ఆవిడకిచ్చాను.

"ఆయన చెప్పింది నిజమే తల్లీ" అంది ఎస్తేరమ్మ. ఫోన్ మళ్ళీ నాకిచ్చింది.

అటుపక్క నవ్వు ఆగిపోయింది. వెనకాల పిల్లలెవరో మాట్లాడుకుంటూ వెళ్తున్నారు.

"ఎన్నింటికి డిలీట్ చేశావ్?" తెలుగులో అడిగింది.

"పదకొండుకి ఐదు నిమిషాల ముందు."

"ఇచ్చింది ఎన్నింటికి?"

"ఒంటిగంటకి ఐదు నిమిషాల ముందు."

"ఐ సెడ్ ప్లీజ్, పెద్నాన్నా."

"అన్నావమ్మా. రెండుసార్లు అన్నావు."

మామూలుగా ఇలాంటప్పుడు ఏదో ఒకటి నోటికొస్తుంది. రాలేదు. పిల్ల ముక్కు ఎగబీల్చింది. జలుబో, ఇంకోటో.

"రన్ అయిందా?" అంది. "నువ్వు చూశావా, నీ కళ్ళతో?"

"చూశా. మూడో తలుపు దాటాను. ఆ మూల దగ్గర మాత్రం కప్పులన్నీ పడేశాను."

"అక్కడ అందరూ పడేస్తారు" అంది. "తిరిగే ముందు లెఫ్ట్ బటన్ పట్టుకోవాలి. స్పీడ్ తగ్గుతుంది. పెద్దమ్మ అట్లనే చేస్తుంది."

"లెఫ్ట్ బటనా?"

"లెఫ్ట్. గట్టిగా పట్టుకుని, వదలకుండా."